అపాయవస్తువుల రవాణా – డ్రైవరుల శిక్షణము

పట్టణవాసులు తమ యింటికి వచ్చు వస్తువుల వెలను విచారింతురు గాని, అవి వచ్చు త్రోవను విచారింపరు. పొయ్యికి గ్యాసు, మోటారునకు పెట్రోలు, నల్లానీటిని శుద్ధిచేయుటకు క్లోరిను, బ్యాటరీలలో పోయుటకు గంధకామ్లము – ఇవన్నియు లారీ డ్రైవరు చేతిమీదుగానే మనకు చేరుచున్నవి. ఇట్టి సరకును నడుపుటకు అతనికి తగిన యోగ్యత గలదా, ఆ యోగ్యతను సంపాదించుకొనుటకు ప్రభుత్వమువారును యజమానులును అతనికి తోడ్పడుచున్నారా యను ప్రశ్నను హైదరాబాదు పాతబస్తీ పౌరుల యెదుట పెట్టదలచినాము.

ఈ డ్రైవరు మన కెంత యవసరుడో 2024 జనవరి 2వ తేదీన నగరమంతయు చూచినది. ప్రమాదముచేసి వార్త తెలుపక పారిపోయిన డ్రైవరునకు పదియేండ్లవరకు శిక్ష విధింపవచ్చునని భారతీయ న్యాయసంహిత 106వ విభాగపు రెండవ ఉపవిభాగమున వ్రాయబడుటచే, లారీ, ట్యాంకరు డ్రైవరులు పని నిలిపివేసిరి. కొన్ని గంటలలోనే పెట్రోలు బంకులయెదుట మైళ్లకొలది బారులు తీరినవి. చంచల్‌గూడలో నొక యాహారపంపిణీ పనివాడు పెట్రోలుకై వేచి వేచి, తుదకు గుఱ్ఱమెక్కి భోజనములు చేరవేయుట దేశమంతట వార్తయైనది. జనులు నవ్వుకొనిరి. తరువాత 2024 జూలై 1న న్యాయసంహిత అమలులోనికి వచ్చినపుడు ఆ ఉపవిభాగమును మాత్రము అమలుపెట్టక నిలిపియుంచిరి. శిక్షను గూర్చిన వివాదము అంతటితో చల్లారినది. కాని శిక్షను గూర్చి అంత చర్చ జరిగినపుడు శిక్షణమును గూర్చి యొక్క మాటయైనను పుట్టకపోవుట మాకు విచారకరముగ తోచుచున్నది. తప్పుచేసినవానికి ఎన్నియేండ్ల ఖైదు అని లెక్కించుటకుముందు, తప్పు జరుగకుండ వానికి ఏమి నేర్పితిమి అని లెక్కించుకొనుట న్యాయముగదా.

చట్ట మేమి చెప్పుచున్నదో మొదట తెలిసికొందము. 1988 నాటి మోటారు వాహనముల చట్టముక్రింద 1989లో కేంద్ర ప్రభుత్వమువారు చేసిన నియమములలో 9వది ఈ విషయమునకు సంబంధించినది. మానవప్రాణమునకు అపాయకరమగు సరకులను మోయు బండిని నడుపువానికి రవాణా వాహనపు లైసెన్సు మాత్రము చాలదు. రాజ్యాంగపు ఎనిమిదవ షెడ్యూలులోని భాషలలో నొకదానిని, దానితోపాటు ఇంగ్లీషును చదువను వ్రాయను అతనికి రావలెను. రాష్ట్రప్రభుత్వము గుర్తించిన సంస్థలో మూడుదినముల శిక్షణము పొంది, ఉత్తీర్ణుడైనట్లు పత్రము తెచ్చుకొనవలెను. ఆ శిక్షణమున మూడు భాగములు గలవు: ఎదుటివాని పొరపాటును ముందుగ కనిపెట్టి జాగ్రత్తతో నడుపుట, ఉన్నతమైన నడపునేర్పు, మోయు వస్తువుల స్వభావమును వాని విషయమై పాటింపవలసిన క్షేమవిధులు. ఈ పత్రముతో, తాను నివసించు ప్రాంతపు లైసెన్సు అధికారికి తెల్లకాగితముపై దరఖాస్తు పెట్టుకొనిన, అతడు లైసెన్సుపై అనుమతి వ్రాయించి యిచ్చును. ఈ యనుమతి పూర్వము ఒక్క సంవత్సరము మాత్రమే చెల్లెడిది. ఏటేట నొకదినము మరల చదువుకొనవలసియుండెడిది. 2019 నాటి సవరణచే ఆ గడువు మూడేండ్లయినది. ఆ సంవత్సరముననే రవాణా వాహనముల డ్రైవరులకు ఎనిమిదవ తరగతి చదువు ఉండవలెనను నిర్బంధమును తొలగించిరి. బీదవారికి జీవనోపాధి కలుగుటకు ఆ తొలగింపు మంచిదే. కాని అపాయవస్తువుల విషయమున చదువను వ్రాయను రావలెనను నియమము మాత్రము నిలిచియే యున్నది, నిలువవలసినదే.

ఇంత ప్రత్యేకనియమ మెందులకని కొందరడుగుదురు. లారీ లారీయే గదా, బియ్యపు బస్తాలు మోసినవాడు గ్యాసు మోయలేడా యని వారి వాదము. ఈ వాదము సరకుల స్వభావము నెరుగనివారిది. బస్తాలు కదలవు, ట్యాంకరులోని ద్రవము కదలును. తొట్టి సగము నిండియున్నపుడు మలుపులో లోపలి ద్రవము ఒక ప్రక్కకు పొర్లి బండినే పడద్రోయును. ఆపుటకు బ్రేకు వేసిన పిమ్మటగూడ ద్రవము ముందునకు వచ్చి బండిని నెట్టును. వంటగ్యాసు ద్రవరూపమున తొట్టిలో నుండును. బయటపడిన క్షణమున సుమారు 250 రెట్లు వ్యాపించును. అది గాలికంటె బరువైనది. కావున పైకి లేచిపోక, నేలనంటి ప్రాకి, మోరీలలోనికిని పల్లపు గల్లీలలోనికిని దిగి, దూరమున నెక్కడనో వెలుగుచున్న పొయ్యిని వెదకికొని మండును. క్లోరినును గాలికంటె బరువైనదే. అది మండదు గాని ఊపిరిని తినివేయును. గంధకామ్లము ఒలికినచోట తెలియక బిందెతో నీరు పోసినచో అది పొంగి, మరిగి, పోసినవాని ముఖముపై చిందును. అమోనియా గాలికంటె తేలికయైనది. ఒక సరకునకు చేయవలసిన పని మరియొకదానికి చేయరాదు. ఈ భేదములను తెలిసికొనుటకే ఆ మూడుదినములు.

తెలియనిచో నేమగునో లోకము పలుమార్లు చూచినది. 1978 జూలై 11న స్పెయిను దేశమున సముద్రతీరపు విడిదియొద్ద ప్రొపిలీను ట్యాంకరు పగిలి రెండువందలమందికిపైగా మరణించిరి. ఆ తొట్టిలో పట్టవలసినదానికంటె మిక్కిలి ఎక్కువ నింపి పంపిరి. కేరళమున కన్ననూరు చెంతనున్న చాలా గ్రామమున 2012 ఆగస్టు 27న గ్యాసు ట్యాంకరు బోల్తాపడి ఇరువదిమంది కాలిపోయిరి. జయపురమున అజ్మీరు మార్గముపై 2024 డిసెంబరు 20న తెల్లవారుజామున గ్యాసు ట్యాంకరు మలుపు తిరుగుచుండగా మరియొక లారీ వచ్చి తాకుటచే, వెడలిన గ్యాసు చుట్టునున్న బండ్ల నన్నిటిని చుట్టుముట్టి మండినది. పాకిస్థానమున బహావల్‌పూరు చెంత 2017 జూన్ 25న పెట్రోలు ట్యాంకరు బోల్తాపడగా, పల్లెజనులు డబ్బాలతో పెట్రోలు పట్టుకొనుటకు గుమిగూడిరి. నిప్పంటుకొని రెండువందలమందికి మించి చనిపోయిరి. వీనిలో ఒకచోట నింపినవాని తప్పు, ఒకచోట త్రోవయొక్క యిరుకు, ఒకచోట చూడవచ్చిన జనుల యజ్ఞానము. డ్రైవరునొక్కనిని నిందించి తృప్తిపడుటకు వీలులేదని ఈ యుదాహరణములే చెప్పుచున్నవి.

ఇక మన పాతబస్తీని చూతము. చార్మినారు 1591లో వెలసినది. దాని చుట్టునున్న గల్లీలు పల్లకీలకును గుఱ్ఱములకును తగినట్లు ఏర్పడినవి. ఆ గల్లీలలోనే నేడు ఇంటింటికి 14.2 కిలోల బండలును, హోటళ్లకు 19 కిలోల బండలును ఆటో ట్రాలీలపై పోవుచున్నవి. కాటేదాను కర్మాగారములకు పీపాలలో రసాయనములు పోవుచున్నవి. చర్లపల్లి డిపోలనుండి బయలుదేరిన పెట్రోలు ట్యాంకరులు చాంద్రాయణగుట్ట, ఫలక్‌నుమా, బహదూరుపురా ప్రాంతపు బంకులకు వచ్చుచున్నవి. మూసీకి ఆవలనున్న బజార్‌ఘాటులో 2023 నవంబరు 13న జనులు కాపురముండు మేడక్రింద నిలువచేసిన రసాయనపు పీపాలకు నిప్పంటుకొని తొమ్మండుగురు మరణించిరి. ఆ పీపాలు ఆకసమునుండి ఊడిపడలేదు. ఏదో బండిపై, ఎవడో డ్రైవరు తేగా వచ్చినవి. వానిపై ఏ గుర్తు లుండెనో, తెచ్చినవానికి అందేమున్నదో తెలిసెనో లేదో, నివాసగృహముక్రింద దింపరాదని వానికి ఎవరైన చెప్పిరో లేదో పాఠకులే యోచింతురుగాక. 2025 మే 18న గుల్జారు హౌజుయొద్ద ఒకే యింటిలో పదునేడుగురు అగ్నికి బలియైరి. అది విద్యుత్తీగలవలన కలిగినదని అధికారులు చెప్పిరి. రవాణాకు దానితో సంబంధము లేదు. అయినను ఇరుకు మెట్లు, ఇరుకు ద్వారములు గల ఈ ప్రాంతమున నిప్పు పుట్టినచో తప్పించుకొనుట యెంత దుర్లభమో ఆ దుఃఖము మనకు చూపినది. ఇట్టి చోటికి నిప్పునకు చుట్టమైన సరకును తెచ్చువాడు మిగిలినవారికంటె హెచ్చు తెలిసినవాడై యుండవలదా?

ఇక్కడ న్యాయశాస్త్రపు చిక్కు ఒకటి గలదు; దానిని విడదీయుట మా ధర్మము. 2024 నవంబరు 6న సర్వోన్నత న్యాయస్థానపు రాజ్యాంగ ధర్మాసనము, 7,500 కిలోల లోపు బరువుగల రవాణా వాహనమును నడుపుటకు తేలిక వాహనపు లైసెన్సే చాలునని తీర్పు చెప్పినది. ఈ తీర్పు వేలకొలది ఆటో ట్రాలీవారికి ఊరట. కాని దానిని సగము విని, ఇక నే యనుమతియు వలదని కొందరు యజమానులు తలంచుట పొరపాటు. అపాయవస్తువులను మోయు బండ్లకు ప్రత్యేకార్హతలు యథావిధిగ వర్తించునని ఆ తీర్పులోనే స్పష్టముగ నున్నది. బండి చిన్నదైనంతమాత్రమున అందలి సరకు సాధువు కాజాలదు. గ్యాసు బండల ట్రాలీవానికిని ఈ చదువు వలయును. గల్లీలోపలికి వచ్చువాడు అతడే గనుక మరింత వలయును.

అయిన నీ చదువు అతనికి ఎట్లు లభించును? పాతబస్తీ డ్రైవరు దినకూలీపై బ్రదుకువాడు. మూడుదినములు శిక్షణమునకు పోయిన మూడుదినముల కూలి పోవును. రుసుము, ప్రయాణము, బస ఖర్చులు మీద పడును. మండేపల్లిలో డ్రైవరుల శిక్షణకేంద్రము కలదు. మంచిదే, కాని అది రాజన్న సిరిసిల్ల జిల్లాలో, నగరమునకు నూరు కిలోమీటర్లకు మించిన దూరమున నున్నది. ఇక భాష మాట. ఈ డ్రైవరులలో పలువురు ఉర్దూ చదువుకొన్నవారు, పలువురు తెలుగువారు, కొందరు పొట్టకూటికై ఉత్తరదేశమునుండి వచ్చి హిందీ చదువుకొన్నవారు. వీరికి ఇంగ్లీషు అక్షరములు తెలిసియుండవచ్చును గాని, సరకులను గూర్చి సూచనలుగల ట్రెమ్ కార్డును చదివి, పొగలమధ్య నిలిచి, దాని యర్థమును గ్రహించునంతటి పాండిత్య ముండదు. 2017లో ఉర్దూను తెలంగాణమంతటికిని రెండవ అధికారభాషగ చేసిరి. ఆ గౌరవము కార్యాలయపు పలకలపై నిలిచిపోక డ్రైవరు క్యాబినులోనికి గూడ రావలదా? అర్థముకాని భాషలో ఇచ్చిన హెచ్చరిక, ఇచ్చినవానికి రక్షణయే గాని పుచ్చుకొన్నవానికి కాదు.

చదువు దుర్లభమును పత్రము అవసరమును అయినచోట మధ్యవర్తి పుట్టును. ఇది లోకానుభవము. శిక్షణము పొందకయే పత్రము పొందు మార్గమును వెదకువానిని మేము మన్నింపజాలము; కాని ఆ మార్గమువైపు వానిని నెట్టు పరిస్థితులను మన్నించుట అంతకంటె పెద్ద తప్పు. పత్రము జేబులో నుండి విద్య తలలో లేనివాడు, పత్రమే లేనివానికంటె అపాయకారి. ఏలయన వానిని ఎవరును ఆపరు.

ఇప్పుడు యజమానులకు ఒక మాట. నియమములను డ్రైవరులకొరకే చేసిరని వీరు భావించుచున్నట్లున్నది. సరకును పంపువాడు దాని స్వభావమును, అందలి అపాయమును బండి యజమానికి పూర్తిగ తెలుపవలెను. యజమాని ఆ వివరములను వ్రాతమూలమున డ్రైవరున కీయవలెను. వానికి తగిన శిక్షణ మున్నదని తాను నిశ్చయించుకొనవలెను. బండికి మూడుచోట్ల అత్యవసర సమాచార ఫలకము వ్రాయించవలెను. దానిపై సరకు పేరు, అంతర్జాతీయ సంఖ్య, అపాయపు గుర్తు, ఆపదలో పిలువవలసిన ఫోను సంఖ్య ఉండవలెను. చట్టములోని 190వ విభాగపు మూడవ ఉపవిభాగము బండిని నడిపినవానినేకాక, నడిపించినవానిని, నడుపనిచ్చినవానిని గూడ దోషులుగ పేర్కొనుచున్నది. మొదటి తప్పునకే పదివేల రూపాయల జుర్మానాయు, సంవత్సరమువరకు ఖైదును గలవు. ఆచరణమున జుర్మానా కట్టువాడు డ్రైవరే. నడిపించినవాని పేరు కాగితమునకు ఎక్కుట అరుదు.

ధర్మము చెవికెక్కనివారికి లెక్క చెప్పెదము. ఇట్టి బండికి మామూలు భీమాతోపాటు 1991 నాటి ప్రజాబాధ్యతా భీమా చట్టముక్రిందను పాలసీ ఉండవలెనని మోటారు వాహనముల చట్టమే విధించుచున్నది. డ్రైవరు లైసెన్సుపై అపాయవస్తువుల యనుమతి లేనప్పుడు ప్రమాదము జరిగిన, భీమా కంపెనీ మృతుని కుటుంబమునకు సొమ్ము చెల్లించి, ఆ మొత్తమును బండి యజమానినుండి రాబట్టుకొనవచ్చునని సర్వోన్నత న్యాయస్థానము 2025లో ఒక ట్యాంకరు వ్యాజ్యమున తీర్పిచ్చినది. మూడుదినముల కూలి మిగుల్చుకొన్న యజమాని ముప్పదియేండ్ల సంపాదన పోగొట్టుకొనుట వివేకమా?

ఇతరదేశములందు ఈ భారమును ఎవరిపై వేసిరి? 1957లో జెనీవాలో కుదిరి 1968లో అమలులోనికి వచ్చిన ఐరోపా యొడంబడిక ప్రకారము, డ్రైవరు తరగతిలో చదివి, పరీక్ష యిచ్చి, ఐదేండ్లు చెల్లు పత్రము పొందును. ట్యాంకరులకు వేరుగ మరియొక పాఠముండును. అమెరికాలో వ్రాతపరీక్షయే గాక, డ్రైవరు పూర్వచరిత్రనుగూడ విచారింతురు. అపాయవస్తువులతో పనిచేయు ప్రతివానికి మూడేండ్ల కొకసారి శిక్షణ మిప్పించు బాధ్యత అచ్చట యజమానిదే. మన నియమములు వారి నియమములకు చాల తక్కువవి కావు. మనకు కొరతయైనది ఆచరణము.

ఇంత శిక్షణము పెట్టిన సరకుల వెల పెరుగునని ఒక యాక్షేపణ గలదు. ఒక ట్యాంకరు మోయు సరకు వెలలో ఒక డ్రైవరు మూడుదినముల కూలి యెన్నవవంతో వర్తకులే లెక్కవేసికొందురుగాక. ఆ మూడుదినములు ఏటేట గాక ఒక్కసారియే వచ్చునని మరువరాదు. కఠినముగ తనిఖీచేసిన బీద డ్రైవరుల ఉపాధి పోవునని మరియొక యాక్షేపణ గలదు. ఇది మాకును హృదయమునకు తగులునదే. అందుచేతనే తనిఖీకి ముందు చదువు అందుబాటులో నుండవలెనని మేము కోరుచున్నాము. చదువు నందనీయక శిక్షించుట అన్యాయము. చదువు నందించి ఉపేక్షించుట ప్రమాదము.

కావున మా కోరికలు ఇవి. మొదటిది, రాష్ట్రప్రభుత్వమువారు పాతబస్తీలోనే, బండ్లగూడ రవాణా కార్యాలయమునకు అందుబాటులో, గుర్తింపుపొందిన శిక్షణకేంద్రమొకటి తెరిపించి, ఉర్దూ, తెలుగు, హిందీ భాషలలో పాఠములు చెప్పింపవలెను. రెండవది, శిక్షణపు రుసుమును మూడుదినముల కూలిని యజమానియే చెల్లించునట్లు నిబంధన చేయవలెను. మూడవది, ట్రెమ్ కార్డు ఇంగ్లీషుతోపాటు డ్రైవరు చదువగల భాషలోగూడ ఉండవలెను. నాల్గవది, తుదిపరీక్షలో నోటిపాఠము గాక, మంటనార్పు పరికరము పట్టించి, కవాటము మూయించి, గుర్తులు చదివించి, చేతిపని చూడవలెను. ఐదవది, తనిఖీ రోడ్డుమీద మాత్రమే గాక సరకు నింపుచోటనే జరుగవలెను. అనుమతిలేని డ్రైవరునకు డిపో ద్వారముననే సరకు నిరాకరించిన, నగరమధ్యమున వానిని పట్టుకొను శ్రమ తప్పును.

డ్రైవరు సోదరులకు మా మనవి: ఈ యనుమతిని సర్కారువారి పీడనముగ తలపకుడు. అది మీ ప్రాణమునకును పిల్లలకును రక్ష. బండిని వదలి పోవలసివచ్చిన, పదునెనిమిదేండ్లు దాటిన తెలిసినవానిని కావలిపెట్టకుండ పోరాదని నియమమే యున్నది. పసివాడగు క్లీనరునకు అప్పగించి చాయ్ త్రాగుటకు పోవలదు. ప్రమాదము జరిగిన సమీపపు ఠాణాకును యజమానికిని తక్షణమే తెలుపుట మీ విధి. అదియే మీకు రక్షణ. సరకేమిటో చెప్పని యజమానిని అడుగుడు. అడుగుట మీ హక్కు.

పురజనులకును కర్తవ్యము కలదు. ట్యాంకరు పడినచోటికి వింతచూచుటకు పరుగెత్తకుడు. డబ్బాలతో నసలే పోవలదు. గ్యాసు వాసన తగిలిన దీపము మీట ముట్టక, గాలి వచ్చు దిక్కునకు తొలగి, 112కు గాని 101కి గాని ఫోను చేయుడు. బండి వెనుకనున్న ఫలకపు సంఖ్యను దూరమునుండియే చదివి చెప్పగలిగిన, అగ్నిమాపకదళమువారికి సగము పని చేసినవారగుదురు. పెట్రోలునకు 1203, వంటగ్యాసునకు 1075, క్లోరినునకు 1017, గంధకామ్లమునకు 1830 అను సంఖ్యలు గలవు. ఈ నాలుగును, అపాయపు గుర్తుల పటమును ప్రతి పఠనాలయమున గోడకు తగిలించుట కష్టమైన పని కాదు. బస్తీకొక పఠనాలయమువారు ఒక సాయంకాలము డ్రైవరులను పిలిచి, ఈ నియమములను వారి భాషలో చదివి వినిపించిన, సర్కారువారి కేంద్రము తెరచువరకు వేచియుండనక్కరలేకయే పని ప్రారంభమగును. పఠనాలయముల కార్యదర్శులు ఈ వారముననే ఇందుకు పూనుకొందురని నమ్ముచున్నాము.